పదో వంతెన

చెక్క దువ్వెన పళ్ళు మొద్దుగా ఉండి వెంట్రుకల్ని లాగేస్తున్నాయని, తల్లి జుట్టుకి లెయోంతీనా కొమ్ము దువ్వెనే వాడేది. ఆ ఉదయం కూడా మంచం అంచున కూర్చుని, ముసలామె తలను ఎడమ చేతి మీద ఆనించుకుని, చెవి వెనక నుంచి మెల్లగా కిందికి దువ్వుతోంది. ఒకప్పుడు ఆ జడ మణికట్టంత లావుండేది. దాంతో బావిలోంచి బొక్కెన లాగవచ్చని ఊళ్ళో ఆడవాళ్ళు హాస్యమాడేవారు. ఇప్పుడు చిటికెన వేలంత మిగిలింది. అల్లి, కొసన నల్ల నూలుతో ముడి వేసే లోపలే అయిపోతుంది.

కిటికీలోంచి మార్చి నెల వెలుతురు వచ్చి మంచం పక్క గోడ మీద పడుతోంది. అది చెక్క గోడ. లెయోంతీనా పుట్టిన ఏడాది తండ్రి నిలువు పలకలు కోసి, ఒక్కొక్కటీ పావు మూర వెడల్పుకి చిత్రిక పట్టి, మూల నుంచి మూల దాకా వరసగా కొట్టాడు. నాలుగు పలకలు ఒక మూర. చిన్నప్పుడు జ్వరమొచ్చి అదే మంచంలో పడుకున్నప్పుడు ఆమె వాటిని లెక్కపెడుతూ నిద్రపోయేది. బళ్ళో ఎవరూ చెప్పకముందే పావుతో భాగించడం ఆమెకు వచ్చింది.

"ఎన్నొచ్చాయే?" అంది తల్లి కళ్ళు తెరవకుండానే.

రోజూ అడిగే మాటే.

"తొమ్మిదే అమ్మా."

"ఇంకోసారి చెయ్యి. చదువుకున్నదానివి కదా."

"ఎన్నిసార్లు చేసినా అంతే. తొమ్మిదీ, పైన ఒక ముక్కా."

"ముక్క నాకెందుకే! ముక్క మీద నుంచుని వాగు మధ్యలో ఏడవనా?"

లెయోంతీనా నవ్వింది. ముసలామె నవ్వలేదు. కానీ నవ్వించినందుకు తృప్తిపడినట్టు పెదవులు లోపలికి ముడుచుకుంది.

తల్లి పేరు సెవస్తిత్స. ఎనభై ఒకటో ఏడు నడుస్తోంది. శరదృతువులో మంచం పట్టింది. ఆదివారం పట్నం నుంచి వచ్చిన వైద్యుడు గుండె మీద చెవి ఆనించి విని, వరండాలోకి వచ్చి చేతులు కడుక్కుంటూ, "ఈ వారం దాటదమ్మా," అని చెప్పి వెళ్ళాడు. ఇవాళ గురువారం.

ఆ కొండ ఊళ్ళలో మనిషి పోతే, శవం వెళ్ళే దారిలో నీళ్ళు దాటే ప్రతి చోటా, దారులు కలిసే ప్రతి చోటా నేల మీద ఒక బట్ట పరుస్తారు. దాన్ని వంతెన అంటారు. మోసేవాళ్ళు దాని మీదుగా నడుస్తారు. అవతలి లోకంలో ఆ మనిషికి అవే వంతెనలు. ఒక్కో వంతెన పోయిన మనిషి నిలువెత్తు ఉండాలి. పొట్టిదైతే కాలు నీళ్ళలో పడుతుంది, పొడుగైతే కాలికి చుట్టుకుంటుంది. బట్ట ఆ ఇంటి మగ్గం మీద నేసిందే కావాలి. ఎరువు తెచ్చిన బట్ట పరిస్తే అవతలి ఒడ్డున ఆ బట్ట తాలూకు మనిషి వచ్చి అడ్డంగా నిలబడుతుందట. అతుకు వేయడం అసలే కుదరదు.

సెవస్తిత్స తన బట్ట తానే నేసుకుంది, భర్త పోయిన ఏడాది, నలభై ఐదేళ్ళ వయసులో. సొంత పొలంలో పెంచిన జనుము, తానే నానబెట్టి, దంచి, వడికిన నూలు. ముప్పై రెండున్నర మూరల దగ్గర నూలు అయిపోయింది. పెట్టె అడుగున అక్రోటు ఆకుల మధ్య పెట్టి మూత వేసింది.

ఆమె నిలువు మూడున్నర మూరలు. కొలిచి చూసిన సంగతి కాదు. బతికున్న మనిషిని ఆ ఊళ్ళో కొలవరు. దారం పెట్టి కొలిస్తే నీడ దారంతో పోతుందనీ, నీడ పోయిన మనిషికి ఏడాది తిరగదనీ నమ్మకం. కుట్టుపనివాళ్ళు కూడా మనిషిని కాదు, పాత చొక్కాను కొలిచి కొత్తది కుడతారు. సెవస్తిత్స తలగుడ్డ కట్టుకుని నిలబడితే ఇంటి తలుపు పైకమ్మి సరిగ్గా తాకేది. ఆ తలుపు మూడున్నర మూరలని అందరికీ తెలుసు. ఊళ్ళో ఆమెను పొడుగు సెవస్తిత్స అనేవాళ్ళు.

శ్మశానానికి కింది దారిన వెళితే తొమ్మిది దాట్లు. తొమ్మిదికి తొమ్మిది వంతెనలు, బట్ట సరిపోతుంది. కానీ ముసలామె పై దారి అడిగింది. పై దారిలో పది. ఆ పదోది రేచా వాగు.

"ముప్పై ఏళ్ళు ఆ నీళ్ళలో మోకాళ్ళ దాకా నిలబడ్డానే," అంది, మంచం పట్టిన మొదటి వారంలోనే. "జనుము నానబెట్టాను, కట్టలు తిప్పాను, ఉతికాను. ఒక్కసారన్నా తడవకుండా దాటాలి."

అంతే అడిగింది. మళ్ళీ కారణం చెప్పలేదు. "ఎన్నొచ్చాయే" అని మాత్రం రోజూ అడిగేది.

వాకిట్లో కట్టెలు దింపిన చప్పుడైంది. అన్న పాంటెలీ. లెయోంతీనా కంటే ఆరేళ్ళు పెద్ద, ఊరి కింది కొసన వేరే ఇల్లు. గుమ్మంలో బురద బూట్లతో నిలబడి, లోపలికి రాకుండా, తల్లి వైపు ఒకసారి, చెల్లెలి చేతిలో దువ్వెన వైపు ఒకసారి చూశాడు.

"ఏం చెల్లెమ్మా, ఇంకా గుణకారాలేనా?"

"భాగహారం," అంది లెయోంతీనా వరండాలోకి వస్తూ.

"ఏదైతేనేం. నిన్న పై దారి చూసొచ్చాను. మంచు కరిగి ఎక్కడికక్కడ ఊబి. పోయిన వారం ఎద్దులు పొట్ట దాకా దిగబడ్డాయి. ఆరుగురు మనుషులు భుజాన పెట్టె పెట్టుకుని అక్కడ ఎట్లా నడుస్తారు? కింది దారినే పోదాం. తొమ్మిది కావాలి, తొమ్మిదే ఉన్నాయి. దేవుడే కుదిర్చిన లెక్క."

"అమ్మ అడిగింది అది కాదుగా."

"అమ్మ జన్మలో ఒక్కటి అడిగింది లేదు!" గొంతు పైకి లేచింది, వెంటనే తగ్గించాడు. "నాన్నని అడగలేదు, నన్ను అడగలేదు. చెప్పులు తెగితే గడ్డి కట్టుకుని నడిచింది గాని కొత్తవి అడగలేదు. అడగటం ఇప్పుడు మొదలెట్టాలా? నేను చెయ్యలేనిదే అడగాలా?"

లెయోంతీనా దువ్వెనలో చిక్కిన వెంట్రుకలు తీసి వేలికి చుట్టింది.

"సరే. పదో బట్ట చూపించు, పై దారినే తీసికెళ్తాను. నా మాట. అమ్మ నేసింది, అమ్మ ఎత్తుది, అతుకు లేనిది. పదోది చూపించు," అని మెట్లు దిగాడు. దిగి, వెనక్కి తిరిగి, "ఏమన్నా తిందా?" అని అడిగాడు.

"రాత్రి పాలు రెండు గుక్కలు."

తల ఊపి వెళ్ళిపోయాడు.

పొరుగింటి రఫీలా పిన్ని కాపలా కూర్చోడానికి రాగానే లెయోంతీనా బడికి బయలుదేరింది. పిన్ని చేతిలో అల్లిక ఉంది, సంచిలో ఇంకో అల్లిక ఉంది. "వెళ్ళవే, వెళ్ళు," అంది, "మీ అమ్మా నేనూ పెళ్ళిళ్ళు కుదురుస్తూ కూర్చుంటాం. నీది తప్ప అందరివీ కుదిర్చేశాం."

యాభై నాలుగేళ్ళ లెయోంతీనా ఆ హాస్యాన్ని ముప్పై ఏళ్ళుగా వింటోంది. ఒకప్పుడు గుచ్చుకునేది. ఇప్పుడు పాత స్వెటరు లాగా వెచ్చగా ఉంటుంది. పట్నంలో ఉపాధ్యాయ శిక్షణకు వెళ్ళిన నాలుగేళ్ళు తప్ప ఆమె ఊరు విడిచింది లేదు. ఆ నాలుగేళ్ళలో రైల్వే స్టేషనులో టిక్కెట్లిచ్చే ఒకతను ఆమెకు ఉత్తరాలు రాసేవాడు. ఆమె ప్రతి ఉత్తరానికీ బదులు రాసింది, కానీ ప్రతిసారీ బాగా ఆలోచించి రాసింది. అంత ఆలోచించే లోపల అతనికి వేరే ఊరు బదిలీ అయింది. దాన్ని ఆమె దుఃఖంగా ఎవరికీ చెప్పుకోలేదు. చెప్పుకోదగ్గంత పెద్దదిగా ఆమెకే అనిపించలేదు.

ఆమెది లెక్కల పుస్తకాల్లో లేని లెక్కలు రాసే అలవాటు. పుస్తకంలో మనుషులకు పేర్లు ఉండవు, ఒక రైతు, ఒక కూలీ అని ఉంటుంది. ఆమె లెక్కల్లో ఊరివాళ్ళు ఉంటారు. ఇలారియోన్ రెండుంపావు గంటల్లో ఎన్ని బుట్టల పళ్ళు కోస్తాడు, తెయోడోసియా ఐదున్నర కిలోల పిండితో ముప్పావు కిలో రొట్టెలు ఎన్ని చేస్తుంది. ఇలారియోన్ పోయి పన్నెండేళ్ళయింది. ఆమె పుస్తకంలో ఇంకా చెట్టెక్కుతూనే ఉంటాడు. తెయోడోసియా పిండి కలుపుతూనే ఉంటుంది. తాతను ఎరగని పిల్లలు తాత కోసిన బుట్టలు లెక్కపెట్టి, తప్పు చేసి, చెరిపి, మళ్ళీ లెక్కపెడతారు. బల్ల దగ్గర కూర్చుని ఆ నోటుపుస్తకం తిప్పుతుంటే, ఊరంతా ఏదో ఒక పని మధ్యలో చేతులు ఎత్తినవి ఎత్తినట్టే ఆగి, జవాబు కోసం ఎదురుచూస్తున్నట్టు ఆమెకు అనిపించేది.

ఒకటే గది బడి. మూల పొయ్యి, తడి ఉన్ని వాసన. నాలుగో తరగతిలో పదకొండు మంది. లెయోంతీనా సుద్దముక్క తీసుకుని నల్లబల్ల మీద రాసింది.

'ఒక నేతగత్తె దగ్గర ముప్పై రెండున్నర మూరల బట్ట ఉంది. ఒక్కో తువ్వాలుకు మూడున్నర మూరలు కావాలి. ఎన్ని తువ్వాళ్ళు వస్తాయి? ఎంత మిగులుతుంది?'

"మూడున్నర మూరల తువ్వాలా!" అన్నాడు ముందు బల్ల మీది కుర్రాడొకడు. "ఎవరు తుడుచుకుంటారు టీచరమ్మా, గుర్రమా?"

గది గొల్లుమంది. నవ్వు తగ్గాక, చివరి బల్ల నుంచి జంఫీరా అనే పిల్ల, మోచేతుల దగ్గర మాసికలు వేసిన చొక్కా పిల్ల, నెమ్మదిగా అంది.

"అవి తువ్వాళ్ళు కావు."

ఎవరూ నవ్వలేదు. ఊళ్ళో అందరికీ తెలిసిన బట్టే అది. లెయోంతీనా సుద్ద పట్టుకున్న చేత్తో కళ్ళద్దాలు సరిచేసుకుంది. ముక్కు మీద తెల్లటి గీత పడింది.

"సరే, కావు," అంది. "లెక్క మాత్రం లెక్కే. మిశ్రమ భిన్నాన్ని ముందు ఏం చేస్తాం?"

"కరిగిస్తాం!" అని అరిచారు. అది వాళ్ళ మాట. ఒక పెద్ద సంఖ్యా దాని పక్కన చిన్న భిన్నమూ ఉన్నదాన్ని ఒకే భిన్నంగా మార్చడాన్ని ఆ బళ్ళో మొదటి నుంచీ కరిగించడం అనే అంటారు. ముప్పై రెండున్నర కరిగి 65/2 అయింది. మూడున్నర కరిగి 7/2 అయింది.

"భాగించేదాన్ని?"

"తలకిందులు చేసి గుణిస్తాం!"

65/2, 2/7. పైనున్న 2, కిందనున్న 2 కొట్టుకుపోయాయి. 65/7 మిగిలింది. తొమ్మిదీ, ఏడింట రెండు వంతులూ.

"అయితే జవాబు?"

"తొమ్మిది వస్తాయి, మూరలో ఏడింట రెండు వంతులు మిగులుతుంది," అన్నారు పది గొంతులతో.

ప్రతి ఏడాదీ, ప్రతి తరగతీ సరిగ్గా అక్కడే జారేది. ఆమె కూడా ఏడాదికోసారి జారనిచ్చి, తర్వాత పట్టుకునేది. ఈసారి ఆమె నోరు తెరవకముందే జంఫీరా లేచి నిలబడింది.

"కాదు. మూర మిగులుతుంది. నిండు మూర."

"పోవే, లెక్కలో ఏడింట రెండు అని వచ్చిందిగా!"

"వచ్చింది. కానీ అది మూరలో రెండు వంతులు కాదు, బట్ట... తువ్వాలులో రెండు వంతులు. తొమ్మిది మూడున్నరలు ముప్పై ఒకటిన్నర. ఉన్నది ముప్పై రెండున్నర. మిగిలింది మూర. ఆ మూర ఒక తువ్వాలులో ఏడింట రెండు వంతులవుతుంది. దేంతో కొలిచామో దాంట్లో వంతు అది."

లెయోంతీనా సుద్దముక్క కింద పెట్టింది. "కూర్చో," అంది. ఆమె దగ్గర అదే పెద్ద మెప్పు.

విరామంలో పిల్లలు బురదలోకి పరిగెత్తారు. జంఫీరా మాత్రం పలక పట్టుకుని బల్ల దగ్గరికొచ్చింది.

"టీచరమ్మా, ఇంకో రకంగా చేశాను. మూడున్నర బదులు మూడుంపావు పెడితే పది వస్తాయి. సరిగ్గా పది. ఏమీ మిగలదు."

పలక మీద 65/2, దాని పక్కన 4/13. అరవై ఐదులో పదమూడు ఐదుసార్లు. నాలుగులో రెండు రెండుసార్లు. పది. అంత చక్కగా విరిగే లెక్కను చూస్తే లెయోంతీనాకు ఎప్పుడూ చల్లటి నీళ్ళు తాగినట్టుండేది. ఇవాళ పలక మీంచి చూపు తిప్పుకుంది.

"లెక్కలో ఇచ్చిన సంఖ్యను మన ఇష్టానికి మార్చకూడదు జంఫీరా. జవాబు నచ్చలేదని ప్రశ్నను మారుస్తామా?"

పిల్ల పలక వైపు చూసి, ఆమె వైపు చూసి, "ఎవరిచ్చారు టీచరమ్మా ఆ సంఖ్య?" అని అడిగింది. ఎదురు చెప్పడం కాదు. తెలుసుకోవాలనే అడిగింది.

లెయోంతీనా గంట కొట్టడానికి లేచింది.

బడి వదిలాక ఆమె పై దారిన ఇంటికి నడిచింది. చుట్టుదారి. బూట్లు చీలమండల దాకా దిగబడుతున్నాయి. కొండ మీద ఇంకా అక్కడక్కడా మంచు, ఆరేసిన దుప్పట్లలా. రేచా వాగు దగ్గర ఆగింది. నీళ్ళు గోధుమ రంగులో, నురగతో వేగంగా పోతున్నాయి. పక్కన రాళ్ళు అడ్డం పెట్టి చేసిన మడుగు ఇంకా ఉంది. ఇప్పుడు అందులో ఎవరూ జనుము నానబెట్టరు.

అక్టోబరులో తల్లి ఆ మడుగులో నిలబడి ఉండేది. లంగా నడుముకి దోపుకుని, నీలంగా మారిన కాళ్ళతో, నీళ్ళు పీల్చి దూడలంత బరువైన కట్టల్ని ఒక్కొక్కటే నడుము వంచి పైకెత్తి తిప్పి మళ్ళీ దింపేది. ఒడ్డున చిన్న లెయోంతీనా కూర్చుని కట్టలు లెక్కపెట్టేది. అది ఆమెకిచ్చిన పని. "ఎన్నయ్యాయే?" అని నీళ్ళలోంచి తల్లి కేకేసేది. "పదిహేడమ్మా!" "ఇంకెన్నున్నాయి?" సాయంత్రం తల్లి ఒడ్డెక్కి, కాళ్ళు గడ్డితో రుద్దుకుంటూ, కాసేపు నడుం నిటారుగా చేయలేక వంగే ఉండేది. తర్వాత నెమ్మదిగా, ఒక్కొక్క ఎముకా సర్దుకుంటూ, మళ్ళీ తలుపు పైకమ్మంత పొడుగయ్యేది. ప్రతిసారీ అంత పొడుగూ అయ్యేదా? ఆ ప్రశ్న లెయోంతీనాకు అప్పుడు తోచలేదు. ఇప్పుడు కూడా పూర్తిగా తోచలేదు. నీళ్ళ చప్పుడులో అది వచ్చి పోయింది.

ఇంటికొచ్చేసరికి పిన్ని అల్లిక చుట్టేసుకుని సిద్ధంగా ఉంది.

"రెండు చెంచాల కషాయం తాగింది. అంతే. మాట్లాడలేదు. పక్కకి తిరిగి పడుకునే మనిషి ఇవాళ వెల్లకిలా పడుకుంది చూడు, పెళ్ళికూతురులా. కోళ్ళకి గింజలేసి వస్తా," అని వెళ్ళిపోయింది.

లెయోంతీనా కోటు విప్పకుండానే మంచం ఎదురుగా కూర్చుంది. మూడు దాటిన ఎండ గోడ మీద తేనె రంగులో పరుచుకుంది. పొయ్యిలో కట్టె మెత్తగా చిటపటమంటోంది. తల్లి తల మూల పలకకు ఆని ఉంది, మడమలు పరుపు మీద ఆని ఉన్నాయి. ఎన్నో వారాల తర్వాత ముసలామె నిటారుగా, చాపినంత చాపుకుని పడుకుంది. ఊపిరి వస్తోంది, ఆగుతోంది, ఆలోచించుకుని మళ్ళీ వస్తోంది.

నిద్ర కాని నిద్ర ఏదో ఆమె కళ్ళ మీదికి వచ్చింది. అలవాటు కొద్దీ చూపు పలకల మీద నడిచింది. ఒకటి, రెండు, మూడు, నాలుగు, ఒక మూర. తల్లి చెవి, భుజం. ఐదు, ఆరు, ఏడు, ఎనిమిది, రెండు మూరలు. నడుము, తుంటి. తొమ్మిది, పది, పదకొండు, పన్నెండు. మోకాళ్ళు దాటి పిక్కలు. పదమూడు.

పదమూడో పలక అంచు దగ్గర మడమలు ఉన్నాయి. పద్నాలుగో పలక మీద ఎండ ఖాళీగా పడుతోంది.

మూడున్నరను పావుతో భాగిస్తే పద్నాలుగు. ఆమె కోటు బొత్తాం పట్టుకుని మళ్ళీ మొదటి నుంచి లెక్కపెట్టింది. పదమూడు. పదమూడు పావులు మూడుంపావు.

మూడున్నర తలుపు ఇచ్చిన సంఖ్య. ముప్పై ఆరేళ్ళ కిందట. తలుపు అలాగే ఉంది. మనిషి అలాగే ఉండదని లెక్కలు చెప్పే తనకు తోచలేదు, కొలవకూడని మనిషి కాబట్టి ఎవరికీ తోచలేదు. అందరూ పాత సంఖ్యతోనే భాగిస్తూ కూర్చున్నారు.

అయినా ఆమెకు భయం వేసింది. పరుపు కుంగి ఉండొచ్చు. దిండు వంకరగా ఉండొచ్చు. కావాలనుకున్న జవాబును కళ్ళే కొలిచి ఇస్తున్నాయేమో. పొద్దున ఒక పిల్లను ఇందుకేగా మందలించింది.

"ఎన్నొచ్చాయే?" గొంతు కాదు, గాలి. ముసలామె కళ్ళు సగం తెరుచుకుని ఉన్నాయి.

ముప్పై ఏళ్ళలో లెయోంతీనా సరిచూడని జవాబును నల్లబల్ల మీద పెట్టలేదు.

"పదమ్మా," అంది.

కళ్ళు ఇటు తిరిగాయి. "ఉత్తుత్తిదా?"

"కాదు. పొద్దున దాకా తప్పు చేశాను. పది వచ్చాయి."

"మిగిలిందెంత?"

"ఏమీ మిగల్లేదు."

ముసలామె ఆ మాటను నోట్లో పెట్టుకున్న చక్కెర ముక్కలా కాసేపు ఉంచుకుంది. "అదీ లెక్క," అంది. చెయ్యి దుప్పటి మీద కదిలింది, లెయోంతీనా పట్టుకుంది. "నీళ్ళు చల్లగా ఉన్నాయా?"

"చాలా చల్లగా."

"ఉండనీ," అంది తల్లి.

తర్వాత ఎండ తొమ్మిదో పలక మీదికి జరిగింది. తర్వాత ఐదో పలక మీదికి. ఒకసారి ఊపిరి ఆగి, మళ్ళీ వస్తుందని లెయోంతీనా చూస్తూ కూర్చుంది. పొయ్యిలో కట్టె విరిగి పడింది. వీధిలో ఎవరో మేకను పిలుచుకుంటూ పోయారు. చెయ్యి ఇంకా వెచ్చగానే ఉంది గాని, పట్టుకున్నది ఇప్పుడు తనొక్కతేనని ఆమెకు తెలిసింది.

రఫీలా పిన్ని వచ్చి, గుమ్మంలోనే అర్థం చేసుకుని, ముందు శిలువ గుర్తు వేసుకుంది, తర్వాత అద్దానికి గుడ్డ కప్పింది, ఆ తర్వాతే ఏడ్చింది. ఇద్దరూ కలిసి కడిగి, శుభ్రమైన చొక్కా తొడిగి, బల్ల మీద పడుకోబెట్టారు. పిన్ని ఇంటికెళ్ళి నూలు ఉండ తెచ్చింది. తల దగ్గర వెలిగించే మైనపువత్తి పోయిన మనిషంత పొడుగుండాలి. ఇప్పుడు కొలవవచ్చు. ఇప్పుడు నీడకి భయం లేదు.

మాడు దగ్గర లెయోంతీనా దారం కొస పట్టుకుంది. పిన్ని మడమ దాకా లాగి, పళ్ళతో తెంపింది. మగ్గం దూలం మీద మూరల గాట్లున్నాయి. దానిమీద పిన్ని దారాన్ని పరుచుకుంటూ పోయింది. ఒకటి. రెండు. మూడు. లెయోంతీనా కళ్ళు మూసుకుంది.

"మూడుంపావు," అంది పిన్ని. మళ్ళీ కొలిచింది. "మూడుంపావే. అదేమిటే! పొడుగు సెవస్తిత్స! ఆ పావు మూర ఏమైనట్టు?"

ఎక్కడ పోయిందో లెయోంతీనాకు తెలుసు. పెట్టె తెరిచి, అక్రోటు ఆకులు దులిపి, బట్ట బయటికి తీసింది. పిన్ని పట్టుకుంటే ఆమె కత్తిరించింది. ఆ నార గట్టిగా ఉంది, కత్తెర ప్రతి పోగు దగ్గరా ఆగి మరీ వెళ్ళింది. తొమ్మిదోది కోశాక చేతిలో మిగిలినదాన్ని కొలవనక్కరలేకపోయింది. అయినా కొలిచింది. పదో వంతెన.

పాంటెలీ వచ్చేసరికి ఇంకా వెలుతురుంది. ఎవరు కబురు చెప్పారో, దొడ్లోంచి వచ్చినవాడు వచ్చినట్టే, మోకాళ్ళ దాకా పేడతో వచ్చాడు. గుమ్మంలో టోపీ తీశాడు. తల్లి దగ్గరికెళ్ళి, వంగి, చేతులు ముద్దు పెట్టుకుని, వంగినవాడు చాలాసేపు లేవలేదు. లేచాక అతని చూపు బెంచీ మీద మడతపెట్టిన బట్టల మీద పడింది. దగ్గరికి నడిచాడు. టోపీని పక్కన పెట్టి, చూపుడువేలితో ఒక్కొక్క మడతా తాకుతూ లెక్కపెట్టాడు. చివరిదాన్ని విప్పి, రెండు చేతులా పట్టుకుని పొడుగ్గా చాచి, అతుకు కోసం అంచు వెంట చూశాడు. తర్వాత దారం వైపు, బల్ల మీద పొట్టిగా అయిపోయిన తల్లి వైపు.

"అన్నయ్యా," అంది లెయోంతీనా.

అతను బట్టను మళ్ళీ అదే మడత మీద మడిచి పెట్టాడు. తలుపు వెనక నిలబెట్టిన పార తీసుకుని, టోపీ పెట్టుకోకుండానే బయటికి వెళ్ళాడు. గేటు చప్పుడైంది. బురదలో అడుగులు కిందికి కాదు, కొండ వైపు పోతున్నాయి. కాసేపటికి ఎగువ నుంచి పార రాయికి తగిలిన శబ్దం ఒకటి వచ్చింది, తర్వాత ఇంకొకటి.

బెంచీ మీద పది బట్టల పక్కన అతని గొర్రెతోలు టోపీ ఉండిపోయింది, లోపలి అంచు చెమటకి నల్లబడి, తల మీంచి తీసేసినా తల గుండ్రం ఇంకా పోకుండా.